నక్షత్రం కుకీలు పరుచుకుపోతున్నాయా? వెన్న సంగతి చూడండి

బేకింగ్ పౌడర్ వేసిన కుకీ పిండిని నక్షత్రాలుగా కోసి పెడితే ఓవెన్‌లోంచి గుండ్రంగా వస్తున్నాయి, పైన పాలతో కలిపిన ఐసింగేమో (పంచదార పూత) రాత్రంతా ఉంచినా చేతికి అంటుకుంటోంది అని విశాఖ నుంచి అడిగారు కదండీ. రెండిటికీ కారణాలు వేరు.

ఆకారం చెడేది ఎక్కువగా వెన్న వల్లే. మరీ మెత్తబడితే, అంచులు గట్టిపడేలోపే కరిగి పిండిని లాక్కుపోతుంది. కోసిన ముక్కల్ని ట్రేతో సహా ఫ్రీజర్‌లో 15 నిమిషాలు ఉంచి, ఆ చల్లదనంతోనే 175 డిగ్రీలకు వేడెక్కిన ఓవెన్‌లో పెట్టండి. మీ కొలతల్లోని బేకింగ్ పౌడర్ తీసేయండి, ఇలా అచ్చుతో కోసే కుకీలకు దాంతో పనిలేదు. రెండో వాయి వేడి ట్రే మీద పెట్టకండి.

పాలతో కలిపిన ఐసింగ్ గట్టిగా ఆరదు, అందులోనూ మీ విశాఖ తేమలో! 250 గ్రాముల ఐసింగ్ షుగర్‌లో ఒకటిన్నర పెద్ద చెంచాల మెరింగ్ పౌడర్ (ఎండబెట్టిన గుడ్డు తెల్లసొనతో చేసే పొడి), మూడు పెద్ద చెంచాల నీళ్లు పోసి చిక్కగా గిలక్కొట్టండి. పచ్చి గుడ్డు తెల్లసొనతోనూ కుదురుతుంది గానీ, పిల్లలు తినేవాటికి నేనైతే వాడను. కుకీలు పూర్తిగా చల్లారాకే పూయండి. నీళ్లలా పలచగా ఉండే ఫుడ్ కలర్లు వద్దు, జెల్ రంగులే వేయండి. ఆరడానికి ఫ్యాన్ కింద పెట్టండి, ఫ్రిజ్‌లో పెడితే మళ్లీ చెమ్మ పడుతుంది.