ఎండల్లో పరిచిన లాన్ ఎండుతోందా? ముందు మందులు ఆపండి

ప్రశ్న: తోటలో ఇంటి ముందు 500 చదరపు అడుగుల్లో కార్పెట్ లాన్ (ముక్కలుగా తెచ్చి పరిచే గడ్డి) పరిపించి 12 రోజులైంది. రోజూ సాయంత్రం పైపుతో తడుపుతున్నాం. ముక్కల అంచులు పసుపెక్కి ఎండుతున్నాయి. తెగులని చెప్పి మందుల అంగడిలో కార్బెండజిమ్ ఇస్తే రెండుసార్లు కొట్టాం. యూరియా కూడా చల్లాం. తగ్గలేదు. ఇంకేం కొట్టాలి?
– ఒక రైతు, నార్పల మండలం, అనంతపురం జిల్లా

జవాబు: ఏమీ కొట్టవద్దు. మీరు రాసినదాన్ని బట్టి ఇది తెగులులా లేదు. తెగులైతే సాధారణంగా అతుకులతో పని లేకుండా గుండ్రటి మచ్చలుగా మొదలై విస్తరిస్తుంది. మీకు ఎండుతున్నవి అంచులే. వేరు కింది నేలను పట్టకముందే తడి ఆరిపోతోంది. ఒక ముక్క మూల పట్టుకొని మెల్లగా ఎత్తండి. చాపలా లేచి వచ్చిందంటే వేరు దిగలేదు. కింద వేలితో గీకి చూడండి. ఎర్రమట్టి పొడిగా రాలితే మీరు పెట్టే నీళ్ళు గడ్డి ముక్క దాటి దిగడం లేదు.

ఈ రోజే చదరపు మీటరుకు 20 లీటర్లు, అంటే మొత్తం మీద 900 లీటర్ల దాకా, రెండు మూడు విడతలుగా ఇంకేలా పెట్టండి. నాలుగు అంగుళాల లోతు తడవాలి. ఆ తర్వాత 10 రోజులు ఉదయం 6కు, మధ్యాహ్నం 12కు, సాయంత్రం 4కు చదరపు మీటరుకు 3 లీటర్ల చొప్పున ఇవ్వండి. మధ్యాహ్నం తడిపితే ఆకు మాడుతుందన్న భయం వద్దు. ఎండకు కాగిన పైపులో మొదట వచ్చే వేడినీళ్ళు మాత్రం పక్కకు వదలండి. అతుకుల్లో జల్లించిన మట్టి, బాగా మాగిన పశువుల ఎరువు కలిపి నింపండి. వేరు పట్టాక తడులు తగ్గించి, ఒక్కో తడి లోతుగా ఇవ్వండి.

వేరు లేని గడ్డికి ఈ ఎండల్లో యూరియా వేయకూడదు. నాలుగు వారాలు ఆగి, చదరపు మీటరుకు 10 గ్రాములు చల్లి వెంటనే తడపండి.

అంగట్లో కూర్చున్నవారు మీ లాన్ చూడలేదు, మూల ఎత్తలేదు. పసుపెక్కింది అనగానే ప్యాకెట్ చేతిలో పెట్టారు. వేరుశనగలోనూ, టమాటాలోనూ రైతులు ఇలాగే నష్టపోతున్నారు. పిల్లలు ఆడుకునే గడ్డి మీద అవసరం లేని మందు ఎందుకండీ?

రెండు వారాలకూ కొత్త చిగురు రాకపోతే బోరు నీటిలో ఉప్పును అనుమానించాలి. బోరును పావుగంట ఆడించి, అదే నీటితో కడిగిన సీసాలో లీటరు నీళ్ళు పట్టి, అరకిలో మట్టితో పాటు పరీక్షకు ఇవ్వండి. రెడ్డిపల్లి కృషి విజ్ఞాన కేంద్రంలో అడిగితే ఎక్కడ ఇవ్వాలో చెబుతారు. నేలపై తెల్లటి పొర కనబడితే రెండు వారాలు ఆగకుండా వెంటనే వెళ్ళండి.