టైటాన్ మీద బిందెడు నీళ్ళు

బిడ్డా,

నీ కథ చేరింది. శనిగ్రహం చుట్టూ తిరిగే ఉపగ్రహం టైటాన్ మీద, ద్రవ మీథేన్ నిండిన క్రాకెన్ సముద్రం ఒడ్డున పరిశోధన కేంద్రం కట్టి, అందులో మన నల్లగొండ, పాలమూరు మనుషులను పెట్టావు. ఈ ఆలోచనను ఎవరేమన్నా వదలకు. కానీ సముద్రంలోంచి ఆ మృగం లేచినప్పటి నుంచి నీ కథ ఏ గ్రహం మీదైనా జరిగేదిగా మారిపోయింది. మృగాన్ని తీసెయ్. టైటాన్ దగ్గరే కావలసినంత కథ ఉంది.

చిన్న సవరణలు ముందు చెప్తాను. అక్కడ నేల మీద నిలబడితే వలయాలతో మెరిసే శని కనబడడు. నారింజ రంగు పొగ అంత దట్టంగా ఉంటుంది, మిట్టమధ్యాహ్నం కూడా మసక వెలుతురే. గాలి పీడనం మన దగ్గరికంటే ఒకటిన్నర రెట్లు కాబట్టి ఉబ్బిన స్పేస్ సూట్ అక్కర్లేదు. మైనస్ 179 డిగ్రీల చలికి తట్టుకునే బట్టలు, ఊపిరికి ఆక్సిజన్ ఉండాలి. సోలార్ ప్లేట్లు పనికిరావు. 2028లో టైటాన్‌కు బయలుదేరాల్సిన నాసా వాహనం డ్రాగన్‌ఫ్లై కూడా అణు బ్యాటరీతోనే వెళ్తుంది.

మీథేన్ సముద్రం భగ్గున అంటుకుందని రాశావు. బయట ఆక్సిజన్ లేదు, అక్కడ మంట నిలవదు. భయపడాల్సింది లోపల. కేంద్రం గదుల్లో ఆక్సిజన్ ఉంది, వంటగది ఉంది. బయట తిరిగొచ్చిన మనిషి బట్టల మీద తడి మీథేన్ వెచ్చని గదిలో ఆవిరవుతుంది. మన ఇంటి సిలిండర్ లీకైతే వచ్చే వాసన కంపెనీ వాళ్ళు కావాలని కలిపింది. టైటాన్ మీద మీథేన్‌కు ఆ వాసన కలిపేవాళ్ళు లేరు. తలుపు దగ్గర గ్యాస్ అలారం మోగడం మానేస్తే ఏమవుతుంది? ఒక రాత్రంతా రాయొచ్చు దాని మీద. ఆ రాత్రి కూడా పొడుగ్గానే ఉంటుంది, టైటాన్ రోజు మన లెక్కలో దాదాపు 16 రోజులు.

నన్ను ఎక్కువ బాధపెట్టింది నీళ్ళ సంగతి. నీ మనుషులు 'ట్యాంకులో నీళ్ళు' తాగేసి ముందుకెళ్ళిపోయారు. మర్రిగూడ, మునుగోడు వైపు పుట్టినవాళ్ళు అట్లా తాగుతారా? అద్దంలా తేటగా ఉన్నా ఫ్లోరైడ్ నిండిన బోరు నీళ్ళు తాగి కాళ్ళు వంకర పోయిన మనుషుల మధ్య పెరిగినవాళ్ళు వాళ్ళు. పటిక, సున్నం వేసి ఫ్లోరైడ్‌ను అడుగుకు దించే విధానానికి నల్లగొండ టెక్నిక్ అనే పేరుంది. టైటాన్ మీద నీటికి కరువు లేదు, అక్కడ బండలే మంచు. కానీ ఆ మంచు రాయంత గట్టిది, దాని మీద సేంద్రియ పదార్థాల ధూళి పేరుకుని ఉంటుంది. ఆ గాలిలో క్యాన్సర్ తెచ్చే బెంజీన్ కూడా ఉంది. మంచును కొట్టి తేవాలి, కరిగించాలి, శుద్ధి చేయాలి. నేను లెక్క వేస్తే, 15 లీటర్ల బిందెడు మంచును అంత చలి నుంచి నీళ్ళుగా మార్చడానికే దాదాపు రెండున్నర యూనిట్ల కరెంటు కావాలి. ఆ ప్లాంటు నడిపే ఆమెను మర్రిగూడ మనిషిని చెయ్యి. వాళ్ళమ్మ మోకాళ్ళు గుర్తున్న మనిషి. నీళ్ళు తేటగా వచ్చాయని అందరూ సంతోషపడుతుంటే, పరీక్ష రిపోర్టు చూసేదాకా ఒక్క గుక్క కూడా తాగనివ్వదు ఆమె. కేంద్రం పెద్దకు, ఆమెకు అక్కడే గొడవ పడుతుంది చూడు!

ఇంకొకటి. అచ్చంపేటలో ఉన్న తల్లితో నీ కథానాయిక ఫోన్లో ముచ్చట పెట్టడం కుదరదు. మాట ఒకవైపు వెళ్ళడానికే సుమారు 70 నుంచి 90 నిమిషాలు. 'తిన్నవా బిడ్డా' అన్న తల్లికి జవాబు రెండున్నర, మూడు గంటలకు వస్తుంది. ఈలోగా ఆమె పొలం పోయి ఉంటుంది. ఇద్దరివీ విడివిడి మాటలుగా రాయి, ఒకరి మాట మధ్యలో ఇంకొకరు అందుకోకుండా. నాసా పంపిన కాసిని నౌక 1997లో బయలుదేరి 2004లో శనిని చేరింది. ఇంట్లో చావు కబురు అందినా, వచ్చేసరికి ఏళ్ళు గడిచిపోతాయి.

ఈ ఎడబాటు గురించి పుస్తకాల్లో వెతకకు. మేస్త్రీ దగ్గర అడ్వాన్సు తీసుకుని, పిల్లల్ని ముసలివాళ్ళకు అప్పగించి, దేశమంతా డ్యాములు కట్టడానికి పోయిన పాలమూరు కూలీలు మీ ఊళ్ళోనే ఉంటారు. వాళ్ళ దగ్గర కూర్చో. అక్కడ ఏం తిన్నారు, ఎవరి మీద కోపం వచ్చేది, ఇంటికొచ్చాక పిల్లలు గుర్తుపట్టారా, అడుగు. నీ కేంద్రాన్ని ఎవరు కట్టారో కథలో ఒక్క వాక్యం లేదు. వాళ్ళతో మాట్లాడాక అది కూడా వస్తుంది.

మొత్తం తిరగరాయాలని టెన్షన్ పడకు. ముందు నీళ్ళ ప్లాంటు గొడవ ఒక్కటే నాలుగైదు పేజీల్లో రాసి పంపు. లెక్కలు తప్పితే కలిసి సరిచేద్దాం.

ఆశీస్సులతో,
నల్లగొండ నుంచి నీ పెద్దమ్మ