డెమోలో దొరికిన ఆధారం అసలు గేమ్‌లో మాయమైతే...

టెక్ సందేహాలు

ఈసారి ఉత్తరాలన్నీ ఒకే గూటి పక్షులు. మిస్టరీ విజువల్ నావెల్స్ గురించే అందరూ అడిగారు. తెర మీద బొమ్మ, కింద సంభాషణ, మధ్యమధ్యలో ‘ఎవరిని నిలదీస్తారు?’ లాంటి ఎంపికలు ఉండే కథల గేమ్‌లివి. కంప్యూటర్ గేమ్‌లు అమ్మే ఆన్‌లైన్ స్టోర్ స్టీమ్‌లో ఏటా ఫిబ్రవరి, జూన్, అక్టోబరుల్లో జరిగే నెక్స్ట్ ఫెస్ట్‌లో వందల డెమోలు ఉచితంగా దొరుకుతాయి కాబట్టి వీటిని రుచి చూసేవాళ్లూ పెరిగారు. ప్రశ్నలు వేర్వేరైనా చాలా చిక్కులకు మూలం ఒకటే. మనకు డెమో అంటే గేమ్‌లో మొదటి ముక్క. కంప్యూటర్‌కు మాత్రం అది వేరే ప్రోగ్రామ్.

*స్టీమ్‌లో ఒక మిస్టరీ గేమ్ డెమోను రెండున్నర గంటలు ఆడి మొదటి హత్య విచారణ పూర్తిచేశాను. తర్వాత గేమ్ కొంటే అది మళ్లీ మొదటి సీన్ నుంచే మొదలవుతోంది. డెమో సేవ్‌ను ఇందులోకి తెచ్చుకోవచ్చా? — కరీంనగర్ పాఠకుడు*

ముందు గేమ్ స్టోర్ పేజీ చూడండి. సేవ్ కొనసాగే గేమ్‌లలో ఆ సంగతి సాధారణంగా అక్కడే రాసి ఉంటుంది. 2024 ఆగస్టు 29న నింటెండో స్విచ్‌కు వచ్చిన మిస్టరీ గేమ్ ‘ఎమియో’లో మొదటి మూడు అధ్యాయాలను విడుదలకు ముందే విడతలుగా డెమోగా ఇచ్చారు. ఆడినంత వరకు సేవ్ అసలు గేమ్‌లో కొనసాగింది. ‘డాంగన్‌రోన్పా వి3’ది వేరే దారి. డెమో కోసం విడిగా ఒక కేసు రాశారు, అసలు కథలో ఆ కేసు లేదు. అలాంటి డెమో నుంచి కథ కొనసాగదు, మహా అయితే చిన్న బహుమతి అందుతుంది.

పేజీలో ఏమీ రాయకపోతే మీ చేతి పని మొదలవుతుంది. లైబ్రరీలో గేమ్ పేరు మీద రైట్ క్లిక్ చేసి, మేనేజ్‌లో బ్రౌజ్ లోకల్ ఫైల్స్ నొక్కండి. తెరుచుకున్న చోట ‘గేమ్’, ‘లిబ్’, ‘రెన్‌పై’ అనే ఫోల్డర్లు ఉంటే అది రెన్‌పై ఇంజిన్‌తో, అంటే గేమ్‌లు తయారుచేసే ఆ పేరున్న సాఫ్ట్‌వేర్‌తో, చేసిన గేమ్. చిన్న స్టూడియోల విజువల్ నావెల్స్‌లో ఈ ఇంజిన్ బాగా వాడకంలో ఉంది. విండోస్‌లో వీటి సేవ్‌లు యూజర్ ఫోల్డర్ కింద యాప్‌డేటా, రోమింగ్, రెన్‌పై వరసలో ఉంటాయి. యాప్‌డేటా దాచి ఉంచే ఫోల్డర్ కాబట్టి ఎక్స్‌ప్లోరర్ వ్యూ మెనూలో ‘హిడెన్ ఐటమ్స్’ టిక్ చేస్తేనే కనిపిస్తుంది. లోపల ఒక్కో గేమ్‌కు ఒక్కో ఫోల్డర్ ఉంటుంది, పేరు చివర సాధారణంగా పొడవాటి అంకె ఉంటుంది. డెమోకు ఒకటి, అసలు గేమ్‌కు మరొకటి కనిపిస్తే మీ సేవ్ ఎందుకు రాలేదో తెలిసినట్టే. రెండూ ఒకే ఫోల్డర్ వాడేలా తయారీదారు ముందే పెట్టి ఉంటే మీరు ఏమీ చేయకుండానే సేవ్ కనిపించేది. రెన్‌పై కాక యూనిటీతో చేసిన గేమ్ అయితే యాప్‌డేటాలోనే ‘LocalLow’ అనే ఫోల్డర్‌లో, స్టూడియో పేరు కింద వెతకండి.

కాపీ చేయాలనుకుంటే అసలు గేమ్‌ను ఒకసారి తెరిచి మూసేయండి, దాని ఫోల్డర్ తయారవుతుంది. దాని నకలు ఒకటి వేరేచోట భద్రపరచుకోండి. స్టీమ్‌లో ఆ గేమ్‌కు క్లౌడ్‌ను, అంటే సేవ్‌లను ఇంటర్నెట్‌లో దాచే ఏర్పాటును, కాసేపు ఆపండి. తర్వాత డెమో ఫోల్డర్‌లో ‘డాట్ సేవ్’తో ముగిసే ఫైళ్లను అసలు గేమ్ ఫోల్డర్‌లో వేయండి.

ఇంత చెప్పినా, మిస్టరీ గేమ్‌కు ఈ పని చేయొద్దనే నా సలహా. లోడ్ కాక ఎర్రర్ వస్తే నష్టం లేదు. అసలు ముప్పు లోడ్ అయినప్పుడే. ఎవరి మీద మీకు నమ్మకం పెరిగింది, ఏ ఆధారం చూశారు, ఏ అబద్ధాన్ని వదిలేశారు అన్న లెక్కలన్నీ సేవ్‌లో గుప్తంగా ఉంటాయి. డెమో తర్వాత తయారీదారు మొదటి అధ్యాయంలో ‘ఆగిపోయిన గడియారాన్ని గమనించారా’ అన్న కొత్త లెక్క చేర్చాడనుకోండి. మీ పాత సేవ్‌లో అది లేదు కాబట్టి గేమ్ దాన్ని ‘గమనించలేదు’ కిందే జమకడుతుంది. ఐదో అధ్యాయంలో అసలు ముగింపు తలుపు మూసుకుపోతుంది, ఎందుకో మీకు ఎప్పటికీ తెలియదు.

అంతకంటే కథను వేగంగా దాటించే స్కిప్ నయం. ఆప్షన్లలో స్కిప్ కింద ‘అన్‌సీన్ టెక్స్ట్’, ‘ఆఫ్టర్ చాయిసెస్’ టిక్ చేసి ట్యాబ్ నొక్కండి. మొదటి టిక్ లేకపోతే స్కిప్ కదలదు. మీరు చదివిన వాక్యాల జాబితా డెమో ఫోల్డర్‌లోనే ఉండిపోయింది, అసలు గేమ్ దృష్టిలో మీరు ఒక్క ముక్కా చదవలేదు. ఎంపికల దగ్గర అదే ఆగుతుంది, డెమోలో ఏం ఎంచుకున్నారో అదే ఎంచుకోండి. రెండున్నర గంటల కథ కొద్ది నిమిషాల్లో దాటిపోతుంది. డెమో ముగిసిన సీన్‌కు కాస్త ముందే ఆపి, ‘అన్‌సీన్ టెక్స్ట్’ టిక్ తీసేయండి. ఇది మరిచిపోయి రెండో అధ్యాయంలో శవం దొరికిన సీన్‌ను కూడా దాటేసేవాళ్లు ఎందరో.

స్నేహితుల నుంచి, అపరిచితుల నుంచి సేవ్ ఫైళ్లు తెచ్చుకోవడం మాత్రం మంచిది కాదు. రెన్‌పై సేవ్‌లో డేటాతో పాటు ప్రోగ్రామ్ కోడ్‌ను దాచే వీలుంది. అందుకే కొత్త వెర్షన్లు వేరే కంప్యూటర్‌లో తయారైన సేవ్‌ను తెరిచేటప్పుడు ‘దీన్ని నమ్ముతారా’ అని అడుగుతాయి. ఆ ఫైల్ మీదే అయితే తప్ప ‘కాదు’ అనండి.

*డెమో ఆడిన సమయం కూడా రిఫండ్ లెక్కలోకి వస్తుందా? — గుంటూరు పాఠకురాలు*

రాదు. స్టీమ్‌లో డెమోకు, గేమ్‌కు వేర్వేరు గుర్తింపు సంఖ్యలుంటాయి, సమయం లెక్క కూడా వేరే. కొన్న 14 రోజుల్లోపు, 2 గంటల కంటే తక్కువ ఆడి ఉంటే డబ్బు వెనక్కి అడగొచ్చు. ముందస్తుగా కొంటే ఆ 14 రోజులు గేమ్ విడుదలైన రోజు నుంచి మొదలవుతాయి. ఒక్క జాగ్రత్త. స్టీమ్ లెక్కపెట్టేది మీరు చదివిన సమయం కాదు, గేమ్ తెరిచి ఉన్న సమయం. సంభాషణ మధ్యలో వదిలేసి భోజనానికి వెళ్తే ఆ ముప్పావు గంట కూడా పడుతుంది. కొనాలా వద్దా అన్న సందేహం ఉన్నంతకాలం మినిమైజ్ చేయకుండా పూర్తిగా మూసేయండి.

*ఒక జపనీస్ స్టూడియో సైట్ నుంచి పాత మిస్టరీ గేమ్ డెమో దించుకున్నాను. అక్షరాలన్నీ పిచ్చిగీతల్లా వస్తున్నాయి. కొన్నిసార్లు ఫైల్ లేదని చెప్పి మూసుకుపోతోంది. — హైదరాబాద్ పాఠకుడు*

జపాన్‌లో డెమోను ‘తైకెన్‌బాన్’ అంటారు. పాత తైకెన్‌బాన్‌లు అన్ని భాషలకూ పనికొచ్చే యూనికోడ్ కాకుండా జపాన్ సొంత అక్షర సంకేతాలు వాడతాయి. మీ విండోస్ వాటిని ఇంగ్లిష్ సంకేతాలుగా చదువుతుంది, అవే మీకు కనిపించిన పిచ్చిగీతలు. జిప్ విప్పేటప్పుడే లోపలి ఫైళ్ల పేర్లు ఇలా చెడిపోతే, గేమ్ తనకు తెలిసిన పేరుతో వెతికి దొరకక మూసుకుపోతుంది. మీ రెండు సమస్యలకూ కారణం ఇదొక్కటే.

కంట్రోల్ ప్యానెల్‌లో రీజియన్ తెరిచి, అడ్మినిస్ట్రేటివ్ ట్యాబ్‌లో సిస్టమ్ లోకేల్‌ను (యూనికోడ్ కాని ప్రోగ్రామ్‌లకు వాడే భాషను) జపనీస్‌కు మార్చి రీస్టార్ట్ చేయమని చాలామంది చెబుతారు. పనిచేస్తుంది, కానీ అక్కడ కనిపించే యూటీఎఫ్-8 బీటా గడిలో టిక్ ఉండకూడదు. మన దగ్గర ఇంకో ఇబ్బంది ఉంది. అదే కంప్యూటర్‌లో పేజ్‌మేకర్‌లో అను ఫాంట్లతో డీటీపీ పని చేస్తుంటే, అవి కూడా యూనికోడ్ కాదు కాబట్టి లోకేల్ మారగానే ఆ తెలుగు చెదిరిపోయే ప్రమాదం ఉంది. పెళ్లి కార్డులు అచ్చువేసే షాపు కంప్యూటర్‌లో ఈ ప్రయోగం వద్దు. లోకేల్ ఎమ్యులేటర్ అనే ఉచిత ప్రోగ్రామ్ పెట్టుకుంటే ఒక్క గేమ్‌నే జపనీస్ వాతావరణంలో నడపొచ్చు. ఇది 32-బిట్ ప్రోగ్రామ్‌లకే పనిచేస్తుంది, పాత డెమోలు దాదాపు అన్నీ ఆ కోవవే.

ఇప్పటికే విప్పిన ఫోల్డర్‌ను తీసేసి జిప్‌ను మళ్లీ విప్పండి. బాండీజిప్‌లో తెరిచి కోడ్ పేజీని జపనీస్‌గా ఎంచుకుంటే పేర్లు సరిగ్గా వస్తాయి. విప్పేది డెస్క్‌టాప్ మీద కాదు, డీ డ్రైవ్‌లో ఇంగ్లిష్ పేరున్న ఫోల్డర్‌లో. విండోస్ యూజర్ పేరు తెలుగులో పెట్టుకున్నవాళ్లకు ఇది మరీ ముఖ్యం. పాత ఇంజిన్లు ఫోల్డర్ దారిలో తెలుగు అక్షరం కనబడగానే చేతులెత్తేస్తాయి.

అప్పటికీ డీ3డీఎక్స్9తో మొదలయ్యే డీఎల్ఎల్ లేదని అంటే మైక్రోసాఫ్ట్ సైట్ నుంచి డైరెక్ట్‌ఎక్స్ జూన్ 2010 రన్‌టైమ్ వేసుకోండి. డీఎల్ఎల్ ఫైళ్లను ఒక్కొక్కటిగా ఇచ్చే సైట్ల జోలికి వెళ్లొద్దు.

*ఫోన్ బ్రౌజర్‌లో ఆడిన డెమోలో సేవ్‌లన్నీ పోయాయి. — తిరుపతి పాఠకురాలు*

బ్రౌజర్ డెమోల సేవ్ బ్రౌజర్ లోపలే ఉంటుంది. ఇన్‌కాగ్నిటోలో ఆడినా, సైట్ డేటా తుడిచినా పోతుంది. చిన్న తయారీదారులు గేమ్‌లు పెట్టే ఇచ్ ఐఓ వంటి సైట్లలో గేమ్ నిజానికి వేరే చిరునామా నుంచి పేజీలోకి వస్తుంది, థర్డ్ పార్టీ కుకీలను ఆపి ఉంటే సేవ్ నిలవకపోవచ్చు. ఐఫోన్ సఫారీకి అదనంగా ఒక అలవాటుంది. ఏడు రోజుల వాడకంలో ఆ సైట్‌ను ముట్టకపోతే దాని డేటాను తానే తుడిచేస్తుంది. ఒక్క కూర్చోవడంలో పూర్తిచేయలేని డెమో అయితే కంప్యూటర్ వెర్షన్ దించుకోండి. ఆండ్రాయిడ్ ఫైల్ ఇచ్చినా సరే, కానీ తయారీదారు సొంత పేజీ నుంచే తీసుకోండి.

*ఇంగ్లిష్ అర్థమవుతుంది గానీ సాక్షుల మాటల్లో మెలికలు అందడం లేదు. తెలుగులో చదివే దారి ఉందా? — ఒంగోలు పాఠకుడు*

రెన్‌పై గేమ్‌లలో అంతగా ఎవరికీ తెలియని సదుపాయం ఒకటుంది. షిఫ్ట్‌తో సీ నొక్కితే, తెర మీదకు వచ్చే ప్రతి వాక్యం క్లిప్‌బోర్డ్‌లోకి కాపీ అవుతుంది. చూపు సరిగా లేనివాళ్ల కోసం పెట్టిన ఏర్పాటు ఇది. పక్కనే గూగుల్ ట్రాన్స్‌లేట్ తెరిచి పేస్ట్ చేసుకుంటే చాలు. ఒట్టి వీ నొక్కితే గేమే చదివి వినిపిస్తుంది. మిగతా ఇంజిన్లకు విండోస్ 11 స్నిప్పింగ్ టూల్ వాడండి. విండోస్, షిఫ్ట్, ఎస్ కలిపి నొక్కి సంభాషణ పెట్టె వరకు కత్తిరించి, టెక్స్ట్ యాక్షన్స్‌తో అక్షరాలను కాపీ చేసుకోవచ్చు.

అనువాదాన్ని గుడ్డిగా నమ్మొద్దు. ఇంగ్లిష్‌లో ‘యూ’ అంటే నువ్వా మీరా తేలదు, ‘కజిన్’ అంటే బావా, మరదలా, చిన్నాన్న కొడుకా తేలదు. మిస్టరీల్లో ముడి తరచూ అక్కడే ఉంటుంది. అనుమానం వచ్చిన వాక్యాన్ని మౌస్ చక్రం వెనక్కి తిప్పి ఇంగ్లిష్‌లోనే మళ్లీ చదవండి. రెన్‌పైలో అలా తిప్పితే కథే వెనక్కి వెళ్తుంది, తప్పు ఎంపికను కూడా మార్చుకోవచ్చు. కొందరు తయారీదారులు కావాలనే దీన్ని ఆపేస్తారు, కాబట్టి ప్రతి ఎంపికకూ ముందు వేర్వేరు గడుల్లో సేవ్ చేసుకోండి.

*తెలుగులోనే ఒక చిన్న మిస్టరీ గేమ్ చేస్తున్నాను, రెన్‌పైతో. అక్షరాల బదులు గడులు వస్తున్నాయి. డెమో ఇచ్చేముందు ఇంకేం చూసుకోవాలి? — విశాఖపట్నం పాఠకుడు*

రెన్‌పైతో వచ్చే డెజావు ఫాంట్‌లో తెలుగు లేదు. నోటో సాన్స్ తెలుగు ఫైల్‌ను ‘గేమ్’ ఫోల్డర్‌లో పెట్టి, జీయూఐ ఫైల్‌లో మాటలకు, పాత్రల పేర్లకు, మెనూలకు ఉన్న మూడు ఫాంట్ వరసల్లోనూ దాని పేరు రాయండి. ఒక్కటి మరిచినా అక్కడ గడులే మిగులుతాయి. గడులు పోయి ఒత్తులు పక్కకు జరిగితే మీది పాత రెన్‌పై అని అర్థం, కొత్త వెర్షన్‌కు మారండి.

తర్వాత కొలతలు. 1920×1080 ప్రాజెక్టులో అక్షరం సైజు 33, సంభాషణ పెట్టె ఎత్తు 278 పిక్సెళ్లు అన్నది ఇంగ్లిష్‌ను దృష్టిలో పెట్టుకున్న లెక్క. తెలుగులో పైన గుడి, కింద వత్తు కలిసి వరస ఎత్తు పెరుగుతుంది, నాలుగో వరస పెట్టె దాటి పోతుంది. ‘స్త్రీ’, ‘క్ష్మి’ లాంటి అక్షరాలున్న మూడు వరసల వాక్యం ఒకటి రాసి పరీక్షించండి. వరసల మధ్య ఖాళీ పెంచండి, లేదా మాటను రెండు క్లిక్‌లుగా విడగొట్టండి.

ఇక కరీంనగర్ పాఠకుడి కష్టం మీ ఆటగాళ్లకు రాకుండా చూడటం మీ చేతిలోనే ఉంది. ఆప్షన్స్ ఫైల్‌లో సేవ్ డైరెక్టరీ అనే వరసను డెమోలోనూ అసలు గేమ్‌లోనూ ఒకే పేరుతో ఉంచండి. డెమో ముగిసే చోట ఒక లేబుల్ పెట్టి, అసలు గేమ్‌లో అదే పేరు నుంచి కథ సాగేలా రాయండి. డెమో తర్వాత మొదటి అధ్యాయంలో కొత్త ఆధారం చేర్చాల్సి వస్తే, పాత సేవ్‌తో వచ్చినవాళ్లకు రెండో అధ్యాయం మొదట్లో దాన్ని మరోసారి చూపించే చిన్న సీన్ కూడా రాసుకోండి.