హీరోయిన్ కాకపోతే ఎలా బతుకుతుందని భయం

ప్రశ్న: పదకొండేళ్లుగా ఫ్రాన్స్‌లో, టూలూజ్‌లో ఉంటున్నాం. మా అమ్మాయి వచ్చే ఏడాది స్కూలు చదువు ముగించి నటన నేర్చుకుంటానంటోంది. హీరోయిన్ అయ్యేది ఏ నలుగురో. మిగతావాళ్లు చిన్నచిన్న వేషాలతో ఎలా బతుకుతారని మా ఇద్దరికీ ఒకటే టెన్షన్. – ఓ తల్లి

జవాబు: అమ్మా, ముందు డబ్బు సంగతి చెబుతాను, మీ భయమంతా దాని గురించే కదా. ఫ్రాన్స్‌లో నటులకు పని చేసిన రోజు లెక్కన పారితోషికం ఇస్తారు. దాన్ని కాషే అంటారు. ఒక్కో కాషేకి 12 గంటలు జమ. 12 నెలల్లో 507 గంటలు పూర్తయితే, పని లేని రోజులకు నిరుద్యోగ భృతి వస్తుంది. అంటే ఏడాదికి 43 కాషేలు. తలుపు తీసి ‘అయ్యగారు లేరండీ’ అనే ఒక్క డైలాగు చెప్పినా అది ఒక కాషేనే. నాటకాలు, టీవీ, డబ్బింగ్ కూడా కలుస్తాయి. కొత్తలో ఆ 43 అందడం కష్టం. ఆ రోజుల్లో మీ ఆసరా కావాలి.

క్యారెక్టర్ ఆర్టిస్ట్ అంటే చిన్నచూపు వద్దు. మనింట్లో సూర్యకాంతం గారిని హీరోయిన్ కాలేదని ఎవరన్నా తక్కువ చేశారా? ఫ్రెంచ్ నటి కాథరీన్ ఫ్రోనే చూడండి. 1996లో వచ్చిన ‘అన్ ఏర్ ద ఫామీయ్’ సినిమాలో ఆమె ఆ ఇంటి కోడలు. పుట్టినరోజు కానుకగా వచ్చిన నెక్లెస్‌ను కుక్క మెడపట్టీ అనుకుని, కుక్కకు ఇంత ఖరీదైనది ఎందుకని కంగారుపడుతుంది. అది చూస్తుంటే నవ్వూ వస్తుంది, గుండె పిండినట్టూ ఉంటుంది. అదే పాత్రకు నాటకంలో 1995లో మోలియేర్ (ఫ్రెంచ్ నాటకరంగ అవార్డు), సినిమాలో 1997లో సెజార్ (ఫ్రెంచ్ సినిమా అవార్డు), రెండూ సహాయ నటిగానే అందుకుంది. ఉత్తమ నటి సెజార్ 2016లో వచ్చింది, అప్పటికి ఆమెకు యాభై తొమ్మిదేళ్లు.

లిలియాన్ రోవేర్ అయితే 1933లో పుట్టారు. దశాబ్దాల పాటు చిన్న వేషాలు వేశాక, 2015లో మొదలైన ‘డీ పూర్ సాఁ’ సీరియల్‌లో సినిమా తారల ముసలి ఏజెంటుగా ఇంటింటికీ తెలిశారు.

ఒకటి దాచను. రంగు, పేరు చూసి మొదట్లో ఒకే తరహా వేషాలకు పిలవచ్చు. అమ్మాయి ఫ్రెంచ్ అక్కడ పెరిగినవాళ్ల ఫ్రెంచే కాబట్టి డబ్బింగ్‌లో ఆ బాధ తక్కువ. ఆ పనిని చులకనగా చూడొద్దని చెప్పండి.

ప్రైవేటు కోర్సులకు వేల యూరోలు కట్టే ముందు మీ ఊరి కన్సర్వేటరీలో, అంటే సంగీతం, నాటకం నేర్పే ప్రభుత్వ పాఠశాలలో, నాటక విభాగం గురించి కనుక్కోండి. తర్వాత పారిస్ జాతీయ కన్సర్వేటరీకి, లియోన్‌లోని ఎన్‌సాట్ అనే నాటక విద్యాలయానికి ప్రయత్నించవచ్చు. రెండూ ప్రభుత్వానివే, పోటీ మాత్రం విపరీతం. సీటు ఆడిషన్‌ మీదే ఆధారపడుతుంది. ఏ సన్నివేశాలు తయారు చేసుకుంటోందో అడగండి. ఈ ఆదివారం మీ ఇద్దరూ హాల్లో కూర్చుని, ఒకటి చేసి చూపించమనండి.