పాలీన్ కేల్ దగ్గర నేర్చుకోవలసింది తిట్టడమేనా?

"సినిమాలను తిట్టి పేరు తెచ్చుకున్న అమెరికన్ విమర్శకురాలు పాలీన్ కేల్‌ను చదివితే కొత్తగా సమీక్షలు రాసేవారికి ఏమి ఒరుగుతుంది?" అని ఒకరు అడిగారు. ఇరవై ఏళ్ల క్రితం నన్ను ఆకర్షించినవి ఆ తిట్లే. ఆబిడ్స్ ఫుట్‌పాత్ మీద ఆదివారాలు పరిచే పాత పుస్తకాలలో ఆమె వ్యాససంపుటి ఒకటి దొరికింది. అది చదివిన ఊపులో, ఆర్టీసీ క్రాస్‌రోడ్స్‌లో ఒక పెద్ద హీరో చిత్రాన్ని ఉదయం ఆటకే చూసి వచ్చి, ఒక చిన్న పత్రికకు పేజీ నిండా వెటకారం రాసి ఇచ్చాను. అచ్చయ్యాక, అమీర్‌పేట సారథి స్టూడియోలో ఫిలిం క్లబ్ ప్రదర్శనలకు వచ్చే ఒక పెద్దాయన, "ఏమయ్యా, హాల్లో జనం ఎక్కడ నవ్వారు, ఎక్కడ లేచి బయటికి పోయారు? అది ఒక్క ముక్క రాయలేదే!" అన్నారు. నా దగ్గర జవాబు లేదు.

ఇంటికి వెళ్లి ఆమెను మళ్లీ చదివాను. 1967లో దొంగల జంట కథైన 'బానీ అండ్ క్లైడ్' చిత్రాన్ని న్యూయార్క్ టైమ్స్ విమర్శకుడు బాజ్లీ క్రౌథర్ తీవ్రంగా ఖండించగా, కేల్ దానిని సమర్థిస్తూ న్యూయార్కర్ పత్రికలో సుదీర్ఘ వ్యాసం రాశారు. నవ్వుతున్న ప్రేక్షకుడి గొంతులో ఆ నవ్వు ఎలా ఆగిపోతుందో, ఆ ఇబ్బంది నుండే చిత్రానికి బలం ఎలా వస్తుందో అందులో ఓపికగా విప్పి చూపించారు. మరుసటి సంవత్సరమే ఆ పత్రికలో చేరి, మధ్యలో కొద్దికాలం హాలీవుడ్‌కు వెళ్లినా, 1991 వరకు అక్కడే రాశారు. మన సమీక్షలలో "ప్రేక్షకుడు పెదవి విరుస్తాడు" అనే వాక్యం ఉంటుంది చూడండి, ఆ ప్రేక్షకుడు ఎవరో రాసినవారికీ తెలియదు. కేల్ "మీరు" అని రాసినప్పుడు మాత్రం కుర్చీలో కదులుతున్న మనిషి కనిపిస్తాడు. అయితే ఆ "మీరు" ఎక్కువగా ఆవిడేనని, తన అభిప్రాయాన్ని పాఠకుల మీద రుద్దుతున్నారని ఆక్షేపించినవారూ ఉన్నారు. 1980లో రచయిత్రి రెనాటా ఆడ్లర్ ఆమె శైలిని వాక్యం వాక్యంగా చీల్చి చెండాడారు.

నాకు ఇబ్బందిగా తోచేది వేరొకటి. ఒక చిత్రాన్ని ఒక్కసారే చూస్తానని ఆమె గర్వంగా చెప్పుకునేవారు. తొలి అనుభూతి మీద ఆ నమ్మకం వల్లనే ఆమె వచనానికి వేడి వచ్చింది, కాని సాక్ష్యాలు కూడదీయవలసిన చోట అంతటి ఆత్మవిశ్వాసమే ఆమెను దెబ్బతీసింది. 'సిటిజన్ కేన్' స్క్రీన్‌ప్లే ఘనత దర్శకుడు ఆర్సన్ వెల్స్‌ది కాదు, దాదాపు మొత్తం సహరచయిత హెర్మన్ మాంకివిట్స్‌దేనని 1971లో ఆమె వాదించగా, దర్శకుడు పీటర్ బొగ్దనోవిచ్ మరుసటి ఏడాదే గట్టి జవాబు ఇచ్చారు. ఆ వ్యాసానికి ఆధారమైన ఒక అధ్యాపకుడి పరిశోధనను పేరు చెప్పకుండా వాడుకున్నారన్న మచ్చ కూడా మిగిలింది.

కాబట్టి ఆమెను చదవండి, తిట్లు దాటి చదవండి. నేను ఇప్పుడు మొదటి ఆటలో చీకట్లోనే నవ్వులూ ఈలలూ పుస్తకంలో గీసుకుంటాను, రాసేముందు రెండో టికెట్టు కూడా కొంటాను. దానికి పత్రికవారు డబ్బులివ్వరు.