మాదకద్రవ్యమా, మత్తుమందా?

సందేహం: మా అమ్మాయి గ్రూప్స్‌కి ప్రిపేర్ అవుతోంది. 1985 నాటి ఎన్‌డీపీఎస్ (నార్కోటిక్ డ్రగ్స్ అండ్ సైకోట్రోపిక్ సబ్‌స్టాన్సెస్) చట్టం గురించి రాస్తూ ‘మత్తుమందుల చట్టం’ అని రాసింది. కోచింగ్ సెంటర్ సార్ అది కొట్టేసి ‘మాదకద్రవ్యాల చట్టం’ అని దిద్దారు. మత్తు, మాదకం ఒకటే కదా? పైగా ద్రవ్యం అంటే డబ్బు అని కదా అర్థం? అసలు 1985కి ముందు మన చట్టాలు ఈ సరుకుని ఏమనేవి?
– ఒక పాఠకురాలు, కాకినాడ

సమాధానం: మత్తుకీ మాదకానికీ పుట్టిల్లు ఒకటే, మెట్టినిళ్లు వేరు. సంస్కృతంలో ‘మద్’ అనే ధాతువు ఉంది. మదం, మద్యం, ఉన్మాదం, మాదకం అన్నీ దానిలోంచి వచ్చినవే. ‘మత్త’ శబ్దమే మన నోట్లో మత్తు అయింది. అయితే తెలుగులో మత్తు నిద్ర వైపు జరిగింది. నిద్రమత్తు అంటాం, మత్తుగా పడుకున్నాడంటాం. ఆస్పత్రిలో అనస్థీషియా ఇచ్చే డాక్టరు అందరి నోటా ‘మత్తు డాక్టరు’.

మా వీధిలో ఒక పెద్దాయనకి ఆ మధ్య హెర్నియా ఆపరేషన్ అయింది. ముందురోజు నర్సు వచ్చి, ‘పొద్దున ఏమీ తినకండి తాతగారూ, మత్తుమందు ఇస్తారు’ అని చెప్పి వెళ్లింది. ఆయన చేతిలో ఆ రోజు పేపరు ఉంది. అందులో ‘భారీగా మత్తుమందు పట్టివేత’ అని పెద్ద అక్షరాల్లో వార్త. ఆయన దాన్ని నాకు చూపించి, ‘ఇదేనా నాకు ఎక్కించేది?’ అని అడిగారు. నిజంగానే భయపడ్డారు. ఆ రాత్రంతా టెన్షన్‌తో నిద్రపోలేదని వాళ్లబ్బాయి చెప్పాడు. ఒకే మాటని ఆపరేషన్ థియేటర్‌కీ పోలీస్ స్టేషన్‌కీ వాడితే వచ్చే చిక్కు ఇది. మత్తుమందుని ఆస్పత్రికి వదిలేయాలని నేను గట్టిగా చెబుతాను. మీ సార్ దిద్దింది సరైనదే.

ఇక్కడ ఇంకో ప్రశ్న వస్తుంది. ఇంగ్లీషు ‘నార్కోటిక్’ గ్రీకు మూలంలో మొద్దుబార్చేదని అర్థం. హిందీ వాళ్లు ఆ అర్థాన్ని పట్టుకుని చట్టం పేరులో ‘స్వాపక’ అని పెట్టుకున్నారు. అంటే నిద్రపుచ్చేది. మన మాదకం మదమెక్కించేది. అందుకని మనది తప్పు అనువాదమని కొందరంటారు. నేను ఒప్పుకోను. చట్టంలోనే చూడండి. 1985 చట్టం నార్కోటిక్ డ్రగ్ అంటే కోకా ఆకు, గంజాయి జాతి, నల్లమందు, గసగసాల మొక్క గడ్డి, వీటినుంచి తయారుచేసేవి అని చెబుతుంది. కోకా ఆకు నుంచి వచ్చేది కొకైన్. అది నిద్ర పుచ్చదు, ఉన్న నిద్రని చెడగొడుతుంది. అమెరికాలో 1914 నాటి హారిసన్ చట్టం నల్లమందునీ కోకానీ ఒకే గాటన కట్టింది. వైద్యులు ఏమన్నా, చట్టం భాషలో కొకైన్ కూడా నార్కోటిక్ అయిపోయింది. జోకొట్టేదాన్నీ రెచ్చగొట్టేదాన్నీ కలిపి చెప్పాలంటే ‘స్వాపకం’ చాలదు, ‘మాదకం’ చాలుతుంది. శార్ఙ్గధర సంహిత అనే పాత వైద్యగ్రంథం బుద్ధిని లోపింపజేసే ద్రవ్యాన్ని ‘మదకారి’ అంది. నిద్ర ఊసు అందులో లేదు. అక్కడిచ్చిన ఉదాహరణ మాత్రం మద్యం.

ద్రవ్యం సంగతీ ఆ వాక్యంలోనే తేలిపోయింది. ద్రవ్యమంటే డబ్బే కాదు, వస్తువు, పదార్థం అని కూడా అర్థం. పూజాద్రవ్యాలు, సుగంధద్రవ్యాలు అంటున్నాం కదా. ‘మాదకద్రవాలు’ అని రాసేవాళ్లూ ఉన్నారు. గంజాయి ద్రవం కాదు, ఆ ‘య’ వత్తు ఎగరగొట్టకండి.

ఇక మీ చివరి ప్రశ్న. 1985కి ముందు చట్టాలు సరుకుని దాని పేరుతోనే పిలిచేవి. 1857లో ఒకటి, 1878లో ఒకటి వచ్చాయి. రెండూ నల్లమందు చట్టాలే. నల్లమందుకి తెలుగులో అభిని అని మరో పేరుంది. అరబ్బీ ‘అఫ్యూన్’ మనదాకా వచ్చి అలా మారింది. సంస్కృతంలో అహిఫేనం, అంటే పాము నురగ, అన్నారు. అదీ ఆ పరాయి మాటకి తొడిగిన సంస్కృతం చొక్కాయే. ఆ చట్టాలకి జనం ఆరోగ్యం కన్నా ఖజానా ముఖ్యం. పంట, అమ్మకం, రవాణా అన్నీ సర్కారు గుప్పిట్లో, లైసెన్సుల మీద నడిచేవి. గంజాయి వ్యవహారం అబ్కారీ వాళ్లది, అంటే ఎక్సైజ్ శాఖది. ఆబ్ అంటే పారశీకంలో నీళ్లు. సారా పన్ను కోసం పుట్టిన మాట కింద ఎండు పువ్వుని కూడా తెచ్చి పడేశారు. 1893లో బ్రిటిష్ ప్రభుత్వం గంజాయి, చరస్ (ఆ మొక్క జిగురు), భంగు (దాని ఆకు)ల మీద ఒక కమిషన్ వేసింది. అది 1,193 మంది సాక్షుల్ని విచారించింది. మితంగా వాడితే పెద్దగా హాని లేదని, నిషేధం అక్కర్లేదని, పన్ను వేసి అదుపులో పెడితే చాలని తేల్చింది.

1930లో పేరు పెట్టే తీరు మారింది. అప్పుడొచ్చినది ‘డేంజరస్ డ్రగ్స్ చట్టం’, మన మాటల్లో ప్రమాదకర ఔషధాల చట్టం. జెనీవాలో 1925లో కుదిరిన ఒప్పందం దీనికి వెనక ఉంది. అంతవరకు వస్తువు పేరు చెప్పిన చట్టం ఇప్పుడు దాని గుణం చెప్పింది. 1961 నాటి అంతర్జాతీయ ఒప్పందం గంజాయిని వైద్యానికి తప్ప వాడకుండా మాన్పించడానికి 25 ఏళ్ల గడువిచ్చింది. ఆ గడువు దగ్గరపడుతుండగా 1985 నవంబర్ 14న కొత్త చట్టం అమల్లోకి వచ్చి, పై మూడింటినీ రద్దు చేసింది.

నాకు అన్నిటికన్నా ఆసక్తి కలిగించేది ‘గంజాయి’ అన్న మాటకి ఈ చట్టాలు గీసిన గీత. 1930 చట్టంలో ఆకు కూడా లోపలే ఉండేది, భంగు పేరు కూడా ఉంది. 1985 చట్టంలో గంజాయి అంటే పూత, కాయ ఉన్న కొసలు మాత్రమే. కొసలు లేకుండా వట్టి ఆకు, వట్టి గింజ ఉంటే అది గంజాయి కాదు. జిగురు తీసి ముద్దచేస్తే చరస్. పేపర్లో ‘గంజాయి ఆకు పట్టివేత’ అని రాస్తే చట్టం లెక్కన తల తీసేసి మొండెం రాసినట్టే. కోర్టులో ఇది చిన్న విషయం కాదు. గంజాయి కిలో లోపు ఉంటే ‘చిన్న మోతాదు’, 20 కిలోలు దాటితే ‘వాణిజ్య మోతాదు’. మొదటిదానికి ఏడాది దాకా జైలు. రెండోదానికి పదేళ్లకి తక్కువ కాకుండా ఇరవై దాకా. తూకంలో ఆకూ కాడా కలిశాయా అన్న దాని మీద లాయర్లు గంటల తరబడి వాదిస్తారు. వంటింట్లో గసగసాలు మిగిలింది కూడా ఇలాంటి గీత వల్లే. గసగసాల మొక్క గడ్డిని నిర్వచించేటప్పుడు చట్టం ‘గింజలు తప్ప’ అంది.

చట్టం పేరులో రెండో సగం ‘సైకోట్రోపిక్’, అంటే మనసు మీద పనిచేసేది. దీనికి ‘మనోత్తేజక’ అని రాస్తున్నారు. తప్పు. చట్టం ఇచ్చిన సైకోట్రోపిక్ పదార్థాల పట్టికలో అల్ప్రాజోలం ఉంది. ఆందోళన తగ్గడానికి డాక్టరు రాసిచ్చే మాత్ర అది, మనసుని నెమ్మదింపజేస్తుంది. డాక్టరు చీటీ మీద కొంటే ఔషధం. తెలంగాణలో కల్తీ కల్లులో కలుపుతున్నదీ ఇదే, అలా కలిపితే ఈ చట్టం కింద కేసు. ఇక ‘మనఃప్రభావిత’ అన్నా తప్పే. దానికి మనసు చేత ప్రభావితమైనది అని అర్థం వస్తుంది, కర్త, కర్మ తారుమారు. ‘మనఃప్రభావక’ అనాలి. మీ అమ్మాయిని ‘మాదకద్రవ్యాలు, మనఃప్రభావక పదార్థాల చట్టం, 1985’ అని రాయమనండి. మధ్యలో ‘మరియు’ వద్దు, కామా చాలు.