వడ్డీ వస్తోంది సరే, సంచిలోకి సరుకెంత వస్తోంది?

ఈసారి వచ్చిన ఉత్తరాల్లో నాలుగు ఒకే చోటికి చేరేలా ఉన్నాయి. రాయగడ, గుణుపురం, మునిగుడ, బరంపురం నుంచి రాశారు, అన్నీ ఒడిశాలో మనవాళ్లున్న ఊళ్లే. పేర్లు వేయొద్దన్నారు కాబట్టి వేయడం లేదు. ఫలానా షేరు కొనండి, ఫలానాది అమ్మండి అని మాత్రం ఈ శీర్షికలో చెప్పను, ఫోన్ చేసి అడిగినా చెప్పను.

ప్రశ్న: రాయగడ దగ్గర కాగితం మిల్లులో పనిచేసి రిటైరయ్యాను. వయసు 60. వచ్చిన 20 లక్షలూ బ్యాంకులో 7 శాతానికి వేశాను. నెలకి 11 వేల పైచిలుకు వడ్డీ, మా ఇద్దరికీ సరిపోతోంది. వైజాగ్‌లో ఉన్న మా అబ్బాయి ఫోన్ చేసినప్పుడల్లా డబ్బు కరిగిపోతోంది, షేర్లలో పెట్టు అంటాడు. అసలులో పైసా తగ్గలేదు, కరగడమేమిటి? మా రోజుల్లో 12 శాతం వడ్డీ ఇచ్చేవారు, ఆ రోజులే నయం.

బాబాయిగారూ, అసలు తగ్గని మాట నిజమే. పాస్‌బుక్కులో 20 లక్షలు 20 లక్షలుగానే కనిపిస్తాయి, అందుకే కరగడం మన కంటికి ఆనదు.

చిన్న లెక్క చెప్తాను, కాగితం కూడా అక్కర్లేదు. ధరలు ఏడాదికి ఎంత శాతం పెరుగుతున్నాయో ఆ అంకెతో 72ని భాగించండి, రెట్టింపు కావడానికి ఎన్నేళ్లు పడుతుందో సుమారుగా తేలిపోతుంది. 6 శాతమైతే 12 ఏళ్లు, 4 శాతమైతే 18 ఏళ్లు. 2016లో ప్రభుత్వం రిజర్వు బ్యాంకుకి పెట్టిన లక్ష్యం ఈ 4 శాతమే, కాకపోతే 2 నుంచి 6 మధ్య ఎక్కడున్నా సరిపెట్టుకుంటారు. అంటే అన్నీ అనుకున్నట్టే జరిగినా మీ 78వ ఏట ఆ 11 వేలు తెచ్చే సరుకు ఇవాళ అయిదున్నర వేలకి వచ్చేంతే. వడ్డీ మొత్తం ఖర్చు పెట్టేస్తున్నారు కాబట్టి అసలు పెరిగే దారి కూడా లేదు.

పైగా సర్కారు చెప్పే ద్రవ్యోల్బణం మీ ఇంటిది కాదు. 2012ని ఆధారంగా పెట్టుకుని లెక్కించిన సర్కారు ధరల పట్టీలో తిండికీ పానీయాలకీ కలిపి దాదాపు 46 శాతం వాటా ఉండేది. అరవై దాటిన ఇంట్లో మందులు, డాక్టరు ఫీజులు, వైజాగ్‌కి స్కానింగు కోసం వెళ్లిరావడం ఇవే సగం బడ్జెట్ తినేస్తాయి. మీ ఖర్చుల పుస్తకం అయిదేళ్లది ఉంటే తీసి చూసుకోండి, అదే మీ అసలు ద్రవ్యోల్బణం.

ఆ 12 శాతం సంగతి కూడా మాట్లాడుకుందాం, ఎందుకంటే ఈ మాట ప్రతి పెళ్లి భోజనాల దగ్గరా వింటున్నాను. సర్కారు దీర్ఘకాల పొదుపు ఖాతా పీపీఎఫ్ మీద 2000 జనవరి దాకా 12 శాతం ఇచ్చారు, నిజమే. కానీ 1991లో ధరలు 13 శాతం పైనే పెరిగాయి. ఒక చేత్తో 12 ఇచ్చి ఇంకో చేత్తో 13 లాక్కుంటే మిగిలిందేమిటి? 2020 ఏప్రిల్‌లో అదే పీపీఎఫ్‌ని 7.1కి దించితే గోల చేశాం. ధరలు 5 పెరిగిన ఏడాది ఆ 7.1లో ఇంకా 2 చేతిలో మిగులుతుంది. వడ్డీ అంకె ఒక్కటే చూస్తే ఇది ఎప్పటికీ కనబడదు.

అబ్బాయి చెప్పింది సగం రైటు. మొత్తం షేర్లలో పెట్టమంటే మాత్రం వినకండి. పెద్ద కంపెనీల షేర్ల ధరలు చూపే సూచీ సెన్సెక్స్ 2008 జనవరిలో 21 వేలు దాటింది, అదే అక్టోబరులో 8 వేల కిందికి వచ్చింది. ముప్ఫై ఏళ్ల కుర్రాడైతే ఓపిక పడతాడు, మందులు కొనాల్సిన మనిషి పడలేడు. వచ్చే అయిదారేళ్లలో కావలసిన డబ్బు షేర్ల దరికి పోకూడదు. పోస్టాఫీసులో, బ్యాంకుల్లో సీనియర్ సిటిజన్ సేవింగ్స్ స్కీము ఉంది, 2023 ఏప్రిల్ నుంచి 30 లక్షల దాకా వేసుకోవచ్చు. వడ్డీ రేటు మూడు నెలలకోసారి సమీక్షిస్తారు గానీ మీరు వేసిన రోజు రేటే అయిదేళ్లూ నడుస్తుంది, మూడు నెలలకోసారి చేతికొస్తుంది. మీ ఎఫ్‌డీ రేటుతో పోల్చి చూసుకోండి. మిగిలినదాంట్లో నాలుగైదు లక్షలు, పదేళ్లు ముట్టుకోనని మీకు మీరు గట్టిగా అనుకోగలిగితేనే, ఇండెక్స్ ఫండులో (సెన్సెక్స్ లాంటి సూచీలో ఉన్న షేర్లన్నీ కలిపి కొనే ఫండు) నెలనెలా కొంచెం కొంచెంగా వేయండి. ఇంకొకటి, 20 లక్షలూ ఒకే బ్యాంకులో ఉంచారా? డిపాజిట్ బీమా ఒక మనిషికి ఒక బ్యాంకులో 5 లక్షల దాకానే.

ప్రశ్న: గుణుపురంలో ప్రైవేటు స్కూలు టీచర్ని. నెలకి 3 వేలు పెట్టగలను. 12 రూపాయల షేరు చవక, 3000 రూపాయల షేరు ఖరీదు అనుకునేదాన్ని, తోటి సారు నవ్వారు. పీఈ చూడమంటున్నారు. ధరలు పెరిగితే కంపెనీలూ ధర పెంచుకుంటాయి కదా, మరి ఏ కంపెనీ అయితే ఏమిటండీ?

అమ్మా, మీ సారు నవ్వకుండా చెప్పి ఉండాల్సింది. 12 రూపాయల షేరు వెనక ఏడాదికి 20 పైసల లాభం ఉందనుకోండి, మీరు లాభానికి 60 రెట్లు ఇస్తున్నారు. 3000 షేరు వెనక 150 రూపాయల లాభం ఉంటే 20 రెట్లే. ఈ రెట్లనే పీఈ అంటారు. అందుకే ఇక్కడ ఖరీదైనది 12 రూపాయలదే. దాన్ని తిరగేసి కూడా చూడండి: 20 రెట్లు అంటే వంద రూపాయలకి 5 రూపాయల సంపాదన. పక్కనే బ్యాంకు 7 ఇస్తోంది. మరి 5 కోసం ఎందుకు పోతారు? ఆ 5 ఏటేటా పెరుగుతుందన్న ఆశతో. వడ్డీ రేట్లు పెరిగితే ఆ ఆశకి జనం ఇచ్చే ధర తగ్గుతుంది, లాభం తగ్గకపోయినా షేరు పడిపోతుంది.

మీ రెండో ప్రశ్నే నాకు బాగా నచ్చింది. కింద నాలుగో ఉత్తరం రాసినామె బరంపురంలో అప్పడాలు చేసి అమ్ముతారు. ఆవిడ లాంటి ఇంకొకామె వ్యాపారం, పక్కనే ఒక రైసుమిల్లు పెట్టుకుందాం. అంకెలు నేను కల్పించినవే. అప్పడాలకి పెట్టుబడి 10 లక్షలు, లాభం 2 లక్షలు. మిల్లుకి 40 లక్షలు, లాభం 4 లక్షలు. మిల్లు లాభం ఎక్కువ కదా అంటారు. ఇప్పుడు ధరలన్నీ రెట్టింపయ్యాయి, ఇద్దరూ అమ్మకం ధర రెట్టింపు చేశారు, సరుకు మాత్రం అంతే అమ్ముతున్నారు. అప్పడాలామెకి 4 లక్షలు, మిల్లాయనకి 8 లక్షలు. బాగుంది.

కానీ మినపపిండి నిల్వకీ, షాపులవాళ్లకిచ్చే అప్పుకీ ఆమెకి ఇంకో 10 లక్షలు కావాలి. ఆయనకి మిషన్లు అరిగిపోయి కొత్తవి కొనేసరికి అవి రెట్టింపు ధర, ధాన్యం నిల్వ కూడా రెట్టింపు, ఇంకో 40 లక్షలు కావాలి. ఒక్క బస్తా అదనంగా ఆడకుండానే! ఆ 40 లక్షలు ఎక్కడి నుంచొస్తాయి? ఏటా లాభమని రాసుకున్నదాంట్లోంచే, లేదా అప్పులోంచి. లెక్కల పుస్తకంలో మిషను తరుగు పాత కొన్నధర మీద రాస్తారు, కొత్త మిషను కొత్త ధరకి వస్తుంది, ఆ తేడా లాభంలా కనిపిస్తుంది గానీ ఇంటికి తీసుకెళ్లలేరు. భారీ ప్లాంట్లు, స్థలాలు ఉన్న కంపెనీ ద్రవ్యోల్బణంలో భద్రం అని టీవీలో చెప్పేవాళ్లున్నారు. ఒకసారి కట్టేసి మళ్లీ కట్టే పని లేని ఆస్తి అయితే సరే, అరిగిపోయే మిషన్లకి ఆ మాట తిరగబడుతుంది.

ఇంకో సంగతి, అప్పడం రుచికి అలవాటుపడ్డవాళ్లు రెండు రూపాయలు పెరిగినా అదే ప్యాకెట్టు అడుగుతారు. బియ్యం అడిగేవాళ్లు ఏ మిల్లుదని అడగరు, సర్కారు ధాన్యానికైతే ఆడింపు కూలి కూడా సర్కారే నిర్ణయిస్తుంది. ధర పెంచగల కంపెనీ ఏది, మార్కెట్టు ఇచ్చినంత పుచ్చుకునేది ఏది, దీన్ని కనిపెట్టడానికి మంచి పరీక్ష 2022. ఆ ఏప్రిల్‌లో ధరల పెరుగుదల 7.79 శాతానికి చేరింది. ముడిసరుకు మండిపోయిన ఆ ఏడాది మీరు చూస్తున్న కంపెనీ లాభశాతం ఏమైంది? సబ్బులు, బిస్కెట్లవాళ్లు పది రూపాయల ప్యాకెట్టు పదికే ఉంచి బరువు తగ్గించారు, మీరూ గమనించే ఉంటారు. అదీ ధర పెంచడమే.

మన ప్రాంతంలో పెరిగినవాళ్లకి ఇంకో ఉచ్చు ఉంది. కాగితం, స్టెయిన్‌లెస్ స్టీలులో కలిపే ఫెర్రోక్రోము, అల్యూమినియం తీసే పొడి అల్యూమినా మన కళ్లముందే తయారవుతాయి కాబట్టి ఆ కంపెనీలు మనకి తెలుసనుకుంటాం. వీటి సరుకు ధర పైకెక్కినప్పుడు లాభం ఉబ్బుతుంది, పీఈ 5, 6 చూపిస్తుంది, చవకగా దొరికిందని ఎగబడతాం. తర్వాత సరుకు ధర దిగితే లాభం మాయం. ఇలాంటివాటికి ఒక్క ఏడాది కాదు, ఏడెనిమిదేళ్ల సగటు లాభం మీద లెక్క కట్టాలి. నేను 2008 మొదట్లో ఒక కంపెనీ షేర్లు సరిగ్గా ఇలాగే, పీఈ తక్కువని చూసి, పెళ్లికి దాచిన డబ్బుతో కొన్నాను. అవి పాత ధరకి రావడానికి మా పెద్దపాప పుట్టి బడికి వెళ్లేంత కాలం పట్టింది.

ఇవన్నీ పదేళ్ల వార్షిక నివేదికల్లో దొరుకుతాయి. పదేళ్ల లాభం మొత్తం కూడండి, వ్యాపారంలోంచి చేతికొచ్చిన నగదులో కొత్త మిషన్లకి పెట్టింది తీసేయండి, రెండూ దగ్గరగా ఉన్నాయా చూడండి. అంత ఓపిక లేకపోతే, నెలకి 3 వేలకి అవసరం కూడా లేదు, ఇండెక్స్ ఫండు చాలు. నేర్చుకుంటూ ఉండండి, డబ్బు అక్కడ నడుస్తుంది.

ప్రశ్న: అన్నా, మాది మునిగుడ. డిగ్రీ అయింది, ఉద్యోగంలో చేరాను. కొండలు, నీళ్లు పాడుచేసే కంపెనీల్లో నా డబ్బు ఉండకూడదు. పర్యావరణం, సమాజం, కంపెనీ పాలన చూసి షేర్లు ఎంచే ఈఎస్‌జీ ఫండ్లు అంటున్నారు, నమ్మొచ్చా? ఇది పనికొచ్చే ఆలోచనేనా, ఆవేశమా?

నియమగిరి కొండలు కనిపించే ఊళ్లో ఉండి ఆవేశమా అని అడుగుతున్నావా తమ్ముడూ! ఆ కథని ఒక్కసారి షేరు కొన్నవాడి వైపు నుంచి చూడు. లాంజిగఢ్‌లో వేదాంత అల్యూమినా రిఫైనరీ కట్టింది, పక్కనున్న నియమగిరి మీది బాక్సైట్ (అల్యూమినా చేసే ఖనిజం) వస్తుందన్న లెక్కతో. 2007లో నార్వే ప్రభుత్వ పెన్షన్ ఫండు ఆ కంపెనీని తన జాబితాలోంచి తీసేసింది, 2010లో ఇంగ్లండు చర్చి తన షేర్లు అమ్మేసింది. అదే ఏడాది ఆగస్టులో కేంద్ర పర్యావరణ శాఖ గనికి అటవీ అనుమతి నిరాకరించింది. 2012 డిసెంబరులో బాక్సైట్ లేక రిఫైనరీ కొన్ని నెలలు ఆగిపోయింది. 2013 ఏప్రిల్ 18న సుప్రీంకోర్టు, గని సంగతి గ్రామసభలే తేల్చాలంది. మన రాయగడ, కలహండి జిల్లాల్లో 12 పల్లెల డొంగరియా కోందు గిరిజనులూ తక్కినవాళ్లూ వరసగా వద్దన్నారు. తర్వాత ఆ రిఫైనరీ వేరే చోట్ల నుంచి ముడిసరుకు తెచ్చుకుని నడిచింది, అంటే కంపెనీ మూతపడలేదు. కానీ కొండ పక్కన కట్టడానికి కారణమైన చవక బాక్సైట్ లేకుండానే నడవాల్సి వచ్చింది. బ్యాలెన్స్ షీటులో ఆ కొండ ఖర్చు ఏ గడిలోనూ లేదు, పల్లె ఒప్పుకోకపోవచ్చన్న గడి కూడా లేదు.

అందుకని నీది పనికొచ్చే ఆలోచనే. ఇరవై ఏళ్లు ఉంచుకుందామనుకునే కంపెనీకి నీళ్లెక్కడివి, ముడిసరుకు ఎక్కడిది, చుట్టుపక్కల జనం ఏమంటున్నారు అని చూడటం పీఈ చూడటమంత అవసరం. 2022-23 నుంచి పెద్ద 1000 లిస్టెడ్ కంపెనీలు ఏటా బీఆర్ఎస్ఆర్ అనే నివేదిక ఇవ్వాలని షేర్ల మార్కెట్టుని నియంత్రించే సెబీ పెట్టింది. ఎంత నీరు, ఎంత కరెంటు వాడారు, ఎన్ని ఫిర్యాదులొచ్చాయి, అన్నీ అంకెల్లో ఉంటాయి, ఎక్స్ఛేంజి వెబ్‌సైట్‌లో ఉచితం. కాకపోతే రాసేది కంపెనీయే. రెండుమూడేళ్లవి పక్కపక్కన పెట్టి చదివితేనే దాచింది బయటపడుతుంది.

ఈఎస్‌జీ ఫండు కొనేముందు లోపల ఏ షేర్లున్నాయో చూడు. చాలా వాటిల్లో పెద్ద బ్యాంకులు, సాఫ్ట్‌వేర్ కంపెనీలే ఎక్కువ, ఎందుకంటే వాటికి పొగగొట్టం లేదు. ఆ బ్యాంకు ఏ గనికి అప్పిచ్చిందో ఆ పేజీలో ఉండదు. మామూలు ఇండెక్స్ ఫండు కన్నా ఖర్చు ఎక్కువ తీసుకుంటుంటే ఆ తేడాకి నీకేం దొరుకుతోందో అడుగు. ఇంకొకటి, మంచి కంపెనీ అని 80 రెట్లు పెట్టి కొంటే, అది ఎంత మంచిదైనా నీ డబ్బుకి పదేళ్లు ఎండాకాలమే.

ప్రశ్న: బరంపురంలో అప్పడాలు, ఊరగాయలు చేసి అమ్ముతాను, నలుగురు ఆడవాళ్లు పనిచేస్తారు. చేతిలో 3 లక్షలున్నాయి. బంగారం కొనమంటోంది మా అత్తగారు. అప్పడాలు ఆరబెట్టే మిషను కొందామని నాకుంది.

అమ్మా, అత్తగారి మాట తీసిపారేసేది కాదు, బంగారం రూపాయి పడిపోయిన ప్రతిసారీ మన ఆడవాళ్లని ఆదుకుంది. కాని తులం తులంగానే ఉంటుంది, పిల్లలు పెట్టదు. నగగా కొంటే మజూరీ, 3 శాతం జీఎస్టీ కొన్నరోజే పోతాయి. ఏటా 2.5 శాతం వడ్డీ ఇచ్చిన సర్కారు బంగారం బాండ్లు 2024 ఫిబ్రవరి విడతతో ఆగిపోయాయి.

మిషను గురించి నా ప్రశ్న ఒకటే. వానాకాలంలో ఎండ లేక ఎన్ని రోజులు పని ఆపుతున్నారు, ఆ రోజుల్లో షాపులవాళ్లు సరుకు అడిగి లేదనిపించుకుంటున్నారా? పోయిన ఏడాది జులై నుంచి సెప్టెంబరు దాకా తిప్పి పంపిన ఆర్డర్లు ఒక కాగితం మీద రాయండి, వాటి మీద మిగిలే లాభంలోంచి మిషను కరెంటు బిల్లు, మరమ్మతులు తీసేయండి. ఏడాదికి 60 వేలు మిగిలేట్టుంటే అయిదేళ్లలో మిషను డబ్బు తిరిగొస్తుంది, కొనండి. అంత రాకపోతే ముందు ప్యాకెట్టు మీద రెండు రూపాయలు పెంచి ఒక నెల చూడండి, ఎంతమంది మానేశారో నాకు రాయండి.